ఒకరు తక్కువ

కోటు చేతులు అర అంగుళం పొడిగించాలి. ఎడమ జేబుకి అస్తరు మార్చాలి. రేపటి నుంచి ఒక్క పాకెట్టు చాలని పాలవాడికి చెప్పాలి. దుకాణం తాళంచెవి యజమానికి ఇచ్చెయ్యాలి. మూడు టికెట్లూ పర్సు లోపలి అరలో పెట్టుకోవాలి. తిరిగి వచ్చాక పెట్టె తీసుకుని అక్క ఇంటికి వెళ్ళిపోవాలి.

యూనిఫారాల దుకాణంలో కొలతలు రాసుకునే ఖాకీ కాగితం మీదే ఆమె ఈ పనులన్నీ పెన్సిలుతో రాసుకుంది. ఒక్కొక్కటీ అవగానే అడ్డంగా గీత కొట్టింది. శనివారం తెల్లవారేసరికి చివరిది ఒక్కటే మిగిలింది.

"వదినా, ఆ కోటు చేతులు ఎవరి కోసం పొడిగించావు?" ఆడపడుచు వంటింటి గుమ్మంలో నిలబడి అడిగింది.

"దాని కోసమే. పోయినసారి వేసుకున్నప్పుడు మణికట్టు బయటికి కనబడింది."

ఆడపడుచు నోరు తెరిచి మళ్ళీ మూసేసింది. ఆ కోటు వేసుకోవాల్సిన కూతురు పోయి నలభై మూడు రోజులు. ఆ ఇంట్లో అప్పటి నుంచి ముగ్గురూ చేస్తున్న పని అదే.

వీధి తలుపు పక్కన పెట్టె సిద్ధంగా ఉంది. ఎక్కువేం సర్దలేదు. ఆరు చీరలు, కత్తెర, కొలతల టేపు.

"మీ అన్నయ్యకి చెప్పు," అందామె. "బస్సు ఏడింటికి. రావాలనుకుంటే రమ్మను. వచ్చినా రాకపోయినా మూడు టికెట్లూ నా దగ్గరే ఉంటాయి."

ఆయన మూడడుగుల దూరంలో కుర్చీలో కూర్చుని బూట్ల తాళ్ళు కట్టుకుంటున్నాడు.

"అన్నయ్యా, బస్సు ఏడింటికట."

"వినిపించింది. వస్తున్నానని చెప్పు."

"వదినా, వస్తున్నాట్ట."

"నాకూ చెవులున్నాయి."

"మీ ఇద్దరికీ చెవులు బ్రహ్మాండంగా ఉన్నాయి. నోళ్ళే లేవు. మధ్యలో నా నోరు అరిగిపోతోంది." ఆడపడుచు నవ్వించాలనే అంది. ఎవరూ నవ్వలేదు. దగ్గరికొచ్చి గొంతు తగ్గించింది. "మూడో టికెట్టు ఇంట్లో పెట్టేసి వెళ్ళు వదినా. బస్సు దగ్గర అడిగితే ఏం చెబుతావు?"

"అడగరు."

"పెట్టె సంగతైనా ఆయన మొహం మీద చెప్పి వెళ్ళు. ఎందుకు పోతున్నావో ఒక్క మాట అను."

"ఆ మంగళవారం 'రేపు చూద్దాంలే' అనుకుని కూర్చున్న మనిషితో నాకు మాటలేమిటి?"

బూట్ల తాడు కడుతున్న చేతులు ఒక్క క్షణం ఆగాయి. మళ్ళీ కట్టాయి.

ఆ మంగళవారం బడులు తెరిచే ముందు రోజుల్లోది. ఆమె చీకటితోనే దుకాణానికి వెళ్ళింది. మిషను మీద నూట ఇరవై జతల యూనిఫారాలు పెండింగులో ఉన్నాయి. సాయంత్రం వచ్చి చూస్తే పిల్ల ఒళ్ళు పెనంలా కాలుతోంది. డాక్టరుకి చూపించారా అంటే, రేపు చూద్దాంలే అనుకున్నామన్నాడు ఆయన. అప్పటికి క్లినిక్కు మూసేశారు. తెల్లారేసరికి పిల్లకి తెలివి లేదు. శుక్రవారానికి పిల్లే లేదు.

అది చదువులో గట్టిది. ఈ వచ్చే సోమవారం నుంచి పాత యూనివర్సిటీ ఊళ్ళో చరిత్ర చదవాల్సిన పిల్ల. వాళ్ళ రెండు వైపుల్లోనూ పదో తరగతి దాటిన మొదటి మనిషి. అంత దూరం పంపనంటే పంపనని తల్లి భీష్మించుకుంటే, పక్కింటి పిల్లలకి లెక్కలు చెప్పిన డబ్బుతో మూడు టూరు టికెట్లు కొనుక్కొచ్చింది. పొద్దున తీసుకెళ్ళి, ఊరంతా చూపించి, రాత్రిలోపు దింపేసే బస్సు.

"ఊరికే దూరం దూరం అంటావు గానీ, ముందు నువ్వే చూడమ్మా. నచ్చకపోతే వెళ్ళను. ఒట్టు."

ఆ బస్సు ఆ వారం శనివారమే వెళ్ళాలి. వానలకి దారిలో వంతెన మునిగి వెళ్ళలేదు. అవే టికెట్లు ఇవాళ్టికి చెల్లుతాయని ఆఫీసు నుంచి కాగితం వచ్చింది. దాని పేరు మీదే వచ్చింది.

*

బస్సు తలుపు దగ్గర గైడు పసుప్పచ్చ గొడుగు చంకలో పెట్టుకుని టికెట్లు చింపుతోంది. యాభై ఏళ్ళుంటాయి. గొంతు మాత్రం బడిగంటలా ఉంది.

"మీరు ముగ్గురా అమ్మా?"

"ముగ్గురం."

"మూడో వాళ్ళేరీ?"

"అది ముందే ఎక్కేసింది."

ఎందుకలా అందో ఆమెకే తెలియదు. ఎవరు అడిగినా 'అది కాలేజీలో ఉంది', 'అది స్నానం చేస్తోంది' అని పద్దెనిమిదేళ్ళుగా అలవాటైన నోరు. గైడు మూడు టికెట్లూ చింపి కాగితం మీద మూడు టిక్కులు పెట్టింది. మెట్టు మీద ఒక కాలు పెట్టిన ఆయన అలాగే నిలబడిపోయాడు. వెనక నుంచి ఎవరో "కదలండి సార్" అంటే గానీ కదల్లేదు.

పదిహేడు కిటికీ పక్క సీటు. అందులో ఆమె కోటున్న సంచి పెట్టింది. పద్దెనిమిదిలో తను కూర్చుంది. పందొమ్మిది నడవకి అవతల. అక్కడ ఆయన.

బస్సు కదలగానే గైడు మైకు అందుకుంది. "మాది చిన్న ఆఫీసండీ. ఫోనెత్తేదీ నేనే, టికెట్టు రాసేదీ నేనే, ఇలా మీ చెవులకి తూట్లు పొడిచేదీ నేనే. ఒక్క మాట గుర్తుపెట్టుకోండి. పొద్దున టికెట్లు లెక్కపెడతాను. ముప్పై ఎనిమిది. సాయంత్రం నాలుగున్నరకి గంటస్తంభం కింద తలలు లెక్కపెడతాను. అవీ ముప్పై ఎనిమిది ఉంటేనే బండి కదులుతుంది. పోయినేడు ఒక పెద్దావిడని లైబ్రరీలో వదిలేసి వచ్చాం. ఆవిడ ఇప్పటికీ నెలకోసారి ఫోన్ చేసి మరీ తిడుతుంది."

"నన్ను వదిలేసి రండి. మా ఆవిడ నెలనెలా ఫోన్ చేసి దండం పెడుతుంది," అన్నాడు వెనక సీట్లో రిటైరైన పోస్ట్‌మాన్.

"ఆ భాగ్యం కూడానా!" అంది ఆయన భార్య. బస్సంతా నవ్వింది.

నవ్వనిది ఇద్దరే. 'తలలు' అన్న మాట దగ్గర పందొమ్మిదో సీట్లో మనిషి తలెత్తాడు. ఇరవై రెండేళ్ళుగా సిటీ బస్సు నడుపుతున్నవాడు. సాయంత్రం ఏం జరుగుతుందో ఆయనకి అప్పుడే కళ్ళకి కట్టింది. భార్య వైపు చూశాడు. ఆమె సంచి జిప్పు లాగి, కోటు నలిగిందేమోనని చూసుకుంటోంది.

గంట గడిచాక ఆయన దగ్గడం మొదలుపెట్టాడు. మధ్యలో మాట మోసే ఆడపడుచు లేదు. ఆమె చెయ్యెత్తి గైడుని పిలిచింది.

"ఆయనకి కాస్త చెప్పండి. నీళ్ళ సీసా పైన ఎర్ర సంచిలో ఉందని."

గైడు ఆమెని చూసింది. బారెడు దూరంలో ఉన్న ఆయన్ని చూసింది. "అయ్యా, నీళ్ళ సీసా పైన ఎర్ర సంచిలో ఉందట."

"తీసుకుంటానని చెప్పండి."

"ఏం గైడమ్మా, ఇది కూడా టికెట్టులో కలిపేశారా?" అన్నాడు పోస్ట్‌మాన్. భార్య ఆయన మోచేతిని గిల్లింది. ఆడవాళ్ళకి కొన్ని తొందరగా తెలుస్తాయి.

*

ఊరంతా రాయి. రాతి కమాను, రాతి అరుగులు, మధ్యలో గిన్నెలా అరిగిపోయిన రాతి మెట్లు. నాలుగు వందల ఏళ్ళుగా పిల్లల కాళ్ళే ఇలా అరగదీశాయని గైడు గొడుగుతో చూపించింది. ఆమె ఒక మెట్టు మీద ఆగి చెప్పు విప్పి, ఆ గుంటలో కాలు పెట్టి చూసింది. చల్లగా ఉంది. ఎవరైనా చూస్తారేమోనని చప్పున తీసేసింది.

దారిలో పట్టాల రోజు వేసుకునే నల్లగౌన్లు కుట్టే దుకాణం ఉంది. అందరూ అద్దంలోంచి చూసి ముందుకు పోతుంటే ఆమె లోపలికి వెళ్ళి ఒక గౌను అంచు తిరగేసింది.

"ఇది మిషను కుట్టు. భుజం దగ్గర కుచ్చిళ్ళు మాత్రం చేత్తో వేశారు," అంది దుకాణం ముసలాయనతో.

"మీరూ ఈ పనేనా?" ఆయన మొహం విప్పారింది. "మా దగ్గరికి వచ్చేవాళ్ళలో అంచు తిరగేసి చూసింది మీరే. పిల్లలకా?"

"అమ్మాయికి. మూడేళ్ళ తరవాత."

"పొడుగెంత?"

"అయిదడుగుల మూడు. ఇంకా పెరుగుతోంది."

గుమ్మం బయట ఆమె భర్త నిలబడి ఉన్నాడు. విన్నాడు. వీధి చివర ఉన్న గైడు దగ్గరికి గబగబా వెళ్ళాడు. ఏదో చెప్పబోయి, వెనక్కి తిరిగి చూసి, భార్య వస్తుంటే "బాత్రూము ఎటండీ" అన్నాడు. అలా చెప్పబోయి ఆగిపోవడం అప్పటికి రెండోసారి.

చివరగా పెద్ద హాలు. అక్కడ అద్దం కింద మనిషంత పుస్తకం ఒకటి తెరిచి ఉంది. ఆ యూనివర్సిటీలో చేరిన ప్రతి ఒక్కరూ మొదటిరోజు అందులో సంతకం పెట్టాలట. తెరిచి ఉన్న పేజీలో పైన ఈ ఏడాది అంకె వేసి ఉంది. కింద అంతా తెలుపు.

"సోమవారం కొత్త పిల్లలొచ్చి దీన్ని నింపేస్తారు," అంది గైడు. "చూసుకోండి. మీరు చూస్తున్నది ఇంకా ఎవరూ రాయని కాగితం."

అందరూ వెళ్ళిపోయాక కూడా ఆమె ఆ అద్దం మీద అరచెయ్యి పెట్టి నిలబడింది. నచ్చింది. దూరమే కానీ, ఊరు నచ్చింది. ఆ మాట చెప్పడానికి పక్కకి తిరిగింది. పక్కన ఎవరూ లేరు.

*

నాలుగున్నరకి గంటస్తంభం మోగింది. గైడు గొడుగు ముడిచి, దాని కొసతో గాల్లో ఒక్కొక్క తలనీ పొడుస్తూ లెక్కపెట్టింది.

"ముప్పై అయిదు, ముప్పై ఆరు, ముప్పై ఏడు. ఒకరు తక్కువ."

మళ్ళీ లెక్కపెట్టింది. మళ్ళీ ముప్పై ఏడే.

"ఎవరి వాళ్ళని వాళ్ళు చూసుకోండమ్మా. ఎవరు లేరు?" కాగితం తీసింది. సీట్ల నంబర్లు చదువుకుంటూ వచ్చింది. "పదిహేడు! మీ అమ్మాయేదమ్మా? సీట్లో సంచి చూసి వెనకెక్కడో కూర్చుందనుకున్నాను."

ఆమె వెనక్కి తిరిగి మెట్ల వైపు చూసింది.

"లైబ్రరీ దగ్గర విడిపోయారా? కంగారుపడకండి, ఇది చిన్న ఊరే. ఏం వేసుకుంది?"

"గోధుమరంగు కోటు."

"పొడుగు?"

"అయిదడుగుల మూడు. సన్నగా ఉంటుంది. ఒకటే జడ. నడుస్తూ చదువుతుంది, ఎదురేం వస్తుందో చూసుకోదు."

అడుగుతుంటే చెప్పడం ఎంత సుఖంగా ఉందో! నలభై మూడు రోజులుగా దాని గురించి ఎవరూ ఏమీ అడగలేదు. ఇంటికొచ్చిన వాళ్ళంతా ఊరుకోమ్మా, ఊరుకోమ్మా అన్నవాళ్ళే.

"ఫోనుందా?"

"లేదు. ఎడమ చేతికి వాళ్ళ నాన్న వాచీ ఉంటుంది. పెద్దది. జారిపోతుంటే పైకి తోసుకుంటూ ఉంటుంది."

"పుస్తకాల పిల్లైతే లైబ్రరీలోనే ఉంటుంది," అన్నాడు పోస్ట్‌మాన్. "నలభై ఏళ్ళు అడ్రసు లేని వాళ్ళని వెతికాను, ఇదో లెక్కా?" మోకాలు పట్టుకుని మెట్లెక్కడం మొదలుపెట్టాడు. ఆయన భార్య అటు, ఇంకో ఇద్దరు ఇటు బయల్దేరారు. దారిన పోయే విద్యార్థులు కూడా ఆగి, గోధుమరంగు కోటా అని అడిగి తలో వైపు పరిగెత్తారు. కాసేపు ఊరు ఊరంతా దాన్ని వెతికింది.

ఆమె ఒక్కో వీధి చివరికీ చూస్తోంది. నిజంగానే చూస్తోంది.

అది చూసి ఆయన ఇక నిలబడలేకపోయాడు.

"ఎవరూ వెతకొద్దండీ." ఎవరూ ఆగలేదు. మళ్ళీ అన్నాడు. "వెతకొద్దు. మా అమ్మాయి రాదు. పోయింది. నలభై మూడు రోజులైంది."

గంటస్తంభం చుట్టూ ఎక్కడి వాళ్ళక్కడ ఆగిపోయారు.

"పొద్దున ముగ్గురం అన్నందుకు ఈవిణ్ణేమీ అనకండి. నేనూ అక్కడే ఉన్నాను. ఇద్దరమే అనడానికి నాకూ నోరు పెగల్లేదు."

అప్పుడే పోస్ట్‌మాన్ రొప్పుతూ మెట్లు దిగి వచ్చాడు. "పైన లేదమ్మా. చదువుకునే గదులన్నీ చూశాను. మళ్ళీ వెళ్ళి కింది అంతస్తు..." భార్య ఆయన చెయ్యి పట్టుకుని పక్కకి లాగింది.

గైడు గొడుగు నేల మీద పెట్టేసింది. చేతిసంచిలోంచి పాత డైరీ తీసి పేజీలు తిప్పింది. ఒక చోట ఆగింది. రంగు దిగిపోయిన మొహంతో తలెత్తింది.

"పదిహేడు, పద్దెనిమిది, పందొమ్మిది. మా నాన్న డ్రైవరండీ అంది. ఆ పిల్లేనా?"

ఆయన తలూపాడు.

"ఫోన్ చేసింది. మంగళవారం పొద్దున. గొంతు బొంగురుపోయి ఉంది. శనివారం టికెట్లు వేరే తారీఖుకి మార్చడానికి వీలవుతుందా అని అడిగింది. ఎందుకమ్మా అన్నాను. జ్వరంగా ఉందండీ, నాన్న సెలవు పెట్టుకుని డాక్టరు దగ్గరికి పదమని నెత్తిన కూర్చున్నారు, నేనే రేపని ఆపాను. డాక్టరు మంచం దిగొద్దంటే ఈ ప్రయాణం పోతుంది. ప్రయాణం పోతే మా అమ్మ నన్ను పంపదు. మీరు మారుస్తానంటే ఇప్పుడే డాక్టరు దగ్గరికి వెళ్ళిపోతాం అంది."

"మీరేమన్నారు?" అంది ఆమె.

"కుదరదన్నాను." గైడు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "అది రూలు. శనివారం వంతెన మునిగితే అందరి తారీఖూ నేనే మార్చాను తల్లీ. ముప్పై ఎనిమిది మందికీ కూర్చుని కాగితాలు రాశాను."

డైరీ ముందుకు చాపింది. "పెట్టేసే ముందు ఇంకో మాట అంది. రాసుకున్నాను."

ఆమె వంగి చదివింది. వంకర అక్షరాలు. 'పదిహేడు కిటికీ. వాళ్ళ నాన్నకి. డ్రైవరు కాబట్టి ఎప్పుడూ ముందుకే చూస్తారట, పక్కకి చూసే వీలుండదట. తప్పకుండా ఆయనకే.'

ఆమె భర్త వైపు తిరిగింది. నలభై మూడు రోజుల తరవాత, మధ్యలో మనిషి లేకుండా మొదటిసారి మాట్లాడింది.

"మీకు తెలుసా?"

"నా ఫోనుతోనే చేసింది. పక్కనే కూర్చున్నాను. విన్నాను."

"మరి నాతో ఎందుకు చెప్పలేదు?"

"చెబితే దాని మీద కోపం వస్తుంది నీకు." ఆయన చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక జేబులు తడుముకున్నాడు. "దాని మీద కోపమొస్తే ఎక్కడికెళ్ళి చూపిస్తావు? నా మీదైతే, నేను ఇంట్లోనే ఉన్నాను."

అక్కడ నిలబడ్డ వాళ్ళంతా ఆమె ఆయన భుజం మీద పడి ఏడుస్తుందనే అనుకున్నారు. అలా జరగలేదు.

"అది చిన్నపిల్ల. రేపంటుంది. ఎల్లుండంటుంది," అంది మెల్లగా. "మీరు తండ్రి కదండీ. అది వద్దంటే మాత్రం మీరు ఊరుకున్నారా?"

ఆయన నేల వైపు చూశాడు.

"ఊరుకున్నాను," అన్నాడు.

*

తిరుగు ప్రయాణంలో మైకు మోగలేదు. ఎక్కేటప్పుడు ఆమె పదిహేడో సీట్లోంచి సంచి తీసి ఒళ్ళో పెట్టుకుంది. నడవలో నిలబడి, ఆయనకి దారి ఇచ్చింది.

"కిటికీ పక్కన కూర్చోండి. అది అడిగి పెట్టింది."

కూర్చున్నాడు. పొలాలు, గోదాములు, రైలు పట్టాలు, దండెం మీద ఎవరివో బట్టలు పక్కనుంచి వెళ్ళిపోతున్నాయి. ఇరవై రెండేళ్ళు రోడ్డు మీదే బతికిన మనిషి రోడ్డు పక్కన ఏముందో మొదటిసారి చూశాడు. అద్దానికి నుదురు ఆనించి చూశాడు. భుజాలు కదులుతుంటే ఆమె చూడనట్టు కోటు జేబు సర్దింది.

ఊరి దీపాలు కనబడ్డాక ఆమె పర్సులోంచి ఖాకీ కాగితం తీసింది. చివరి పని అలాగే ఉంది. పెన్సిలు దాని మీద ఆనించింది. గీత కొట్టలేదు. కాగితం మడవలేదు.

"ఆ పెట్టె బరువుగా ఉంది," అన్నాడు ఆయన, మొహం కిటికీ వైపే ఉంచి. "పొద్దున జరిపి చూశాను. మీ అక్క ఇంటిదాకా నేను మోసుకొస్తాను."

ఆమె కాగితాన్ని ఒళ్ళో ఉన్న సంచి మీద పెట్టింది.

బస్సు ఆగింది. తలుపు తెరుచుకుంది. ఒక్కొక్కరే దిగుతున్నారు. దిగే ప్రతి తలా గైడు పెదవుల కదలికలో లెక్కకొస్తోంది. ముప్పై అయిదు దగ్గర ఆ పెదవులు ఆగాయి. లోపల ఇద్దరు కూర్చునే ఉన్నారు. డ్రైవరు ఇంజను ఆపలేదు, హారనూ కొట్టలేదు.

వాళ్ళిద్దరిలో తప్పెవరిదో తేల్చాలని మనకి తొందరగానే ఉంటుంది. ఈ ఒక్కసారికి ఆ తొందర పక్కన పెట్టండి. చదివే మిమ్మల్ని నేను అడిగేది ఒక్కటే. ఆ పిల్లని గుర్తుపెట్టుకోండి. ఒళ్ళు కాలిపోతున్నా ఫోను పెట్టేసే ముందు వాళ్ళ నాన్న కోసం కిటికీ సీటు అడిగిన పిల్లని, ఒక్కసారి తలుచుకోండి.